రెండు కడప బండలు: నెల్లూరు వీధులు కట్టేవారికి బహిరంగ లేఖ

వీధులకు అంచనాలు వేసేవారికి, కొలతలు తీసేవారికి, తవ్వడానికి అనుమతులిచ్చేవారికి, బిల్లులు మంజూరు చేసేవారికి,

నమస్కారం.

నేను పదిహేడేళ్లుగా నెల్లూరు వీధుల్లో ఫొటోలు తీస్తున్నాను. బతుకుతెరువుకు పెళ్లి ఆల్బమ్‌లు డిజైన్ చేస్తాను. స్టూడియోలవాళ్లు తీసిన ఫొటోలు నాకు పంపుతారు, నేను ఇంట్లో కంప్యూటర్ ముందు కూర్చుని వాటిని పేజీలుగా అమర్చి ఇస్తాను. తెల్లవారాక రెండు గంటలు, పొద్దు వాలే ముందు రెండు గంటలు మాత్రం నా సొంతం. బ్యాటరీతో నడిచే మూడు చక్రాల బండి మీద, ఛాతీకి ఆనేలా కెమెరా వేలాడదీసుకుని, ట్రంకు రోడ్డు, చిన్నబజారు, సంతపేట, స్టోన్‌హౌస్‌పేట తిరుగుతాను. రెండో ఏట పోలియో వచ్చి నా రెండు కాళ్లూ చచ్చుబడ్డాయి. చంకకర్రల మీద పది పన్నెండు అడుగులు వేయగలను. అయితే కర్రలు పట్టుకుంటే కెమెరా పట్టుకునే చేయి మిగలదు. అందుకని నా పనంతా బండి మీదే.

ఈ ఉత్తరం రాయడానికి కారణం ఒక శాలువా.

ఈమధ్య నగరంలో ఒక ఫొటో ప్రదర్శన జరిగింది. అందులో నావి ఆరు ఫొటోలు పెట్టారు. ప్రారంభం రోజున నన్ను సత్కరిస్తామని పిలిచారు. వేదికకు అయిదు మెట్లు. పక్కన ర్యాంపు లేదు. నిర్వాహకులు మంచివాళ్లు, నా సంగతి చూసి గాభరా పడ్డారు. చివరికి నన్ను బండి మీద నుంచి ప్లాస్టిక్ కుర్చీలోకి మార్చి, నలుగురు కుర్రాళ్లు ఆ కుర్చీని ఎత్తి వేదిక మీద పెట్టారు. సభలో చప్పట్లు మోగాయి. ముఖ్య అతిథి శాలువా కప్పి, మైకు ముందు, "ఇంత వైకల్యం ఉన్నా, ఎంతో సాధించాడు" అన్నారు. మళ్లీ చప్పట్లు. తరవాత నలుగురూ నన్ను కిందికి దించారు. హాల్లో ఫొటోలన్నీ నిలబడ్డ మనిషి కంటి ఎత్తులో తగిలించి ఉన్నాయి. నా ఫొటోల కింద నా గురించి చిన్న అక్షరాల్లో ఏదో రాశారు. బండి మీద నుంచి అది నాకు చదవడానికి అందలేదు. వైకల్యాన్ని జయించిన ఛాయాగ్రాహకుడు అని రాసి ఉందని మా మేనల్లుడు చదివి చెప్పాడు.

ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. నేను దేన్నీ జయించలేదు. నగరంలో నేను ఓడిపోయిన చోట్లు ఎక్కడెక్కడ ఉన్నాయో, ఒక్కోటి ఎన్ని అంగుళాల ఎత్తో నాకు కంఠతా వచ్చు. వాటిని మీ ముందు పెట్టాలనిపించింది. ఎందుకంటే ఆ ఎత్తులు నా కాళ్లు నిర్ణయించినవి కావు. ఎవరో ఒక కాగితం మీద గీసి, ఇంకెవరో సంతకం పెడితే అవి వచ్చాయి.

ముందు ఆ 'ఉన్నా' అనే మాట సంగతి చెప్పాలి. రెండక్షరాల మాట. వైకల్యం ఉన్నా తీశాడు అంటే, ఫొటో ఒక పక్క, కాళ్లు ఒక పక్క అని అర్థం. నా ఫొటోల్లో ఆ రెండూ వేరు కావు. డొరోతియా లాంగ్ అనే అమెరికన్ ఫొటోగ్రాఫర్‌కు 1902లో, ఏడో ఏట పోలియో వచ్చింది. కుడి కాలు దెబ్బతిని జీవితాంతం కుంటుతూనే నడిచింది. 1936లో కాలిఫోర్నియాలో బఠానీ కోతకు వచ్చిన వలస కూలీల మకాం దగ్గర ఆమె తీసిన ఒక తల్లి, పిల్లల ఫొటో ప్రపంచమంతా చూసింది. ఆ కుంటు తనను మలిచిందని, నడిపించిందని, అవమానించిందని కూడా ఆమె పెద్దయ్యాక చెప్పుకుంది. మలచడం, అవమానించడం రెండూ ఒకే నోట చెప్పగలగడం నాకు చాలా నిజమనిపిస్తుంది. వైకల్యం వరమని నేను అనను. నలభై దాటాక నా భుజాలు రాత్రిళ్లు ఎంత లాగేస్తాయో మా అమ్మకు తెలుసు. కానీ నేను చూసే చూపు ఈ బండి మీద కూర్చున్న మనిషి చూపే, మరొకరిది కాదు.

బండి మీద నా కళ్లు నేల నుంచి నాలుగడుగుల లోపే ఉంటాయి. కెమెరా ఇంకా కింద, మూడడుగుల ఎత్తులో. ఆ ఎత్తున వీధిలో ముఖాల కన్నా చేతులు ఎక్కువగా కనిపిస్తాయి. బియ్యం బస్తా చెవులు పట్టుకున్న హమాలీ చేతులు, మల్లెపూలు మూర కొలిచే అక్క మోచేయి, కొడుకు వేలు వదలకుండా బేరమాడే తల్లి చేయి. తోపుడు బండి కింద గోనె సంచి పరుచుకుని కునుకు తీసే మనిషి నాకు సరిగ్గా ఎదురుగా ఉంటాడు. నిలబడ్డవాళ్లకు అతను కనిపించాలంటే వంగి చూడాలి, బజారులో ఎవరూ వంగరు. పసిపిల్లలు నన్ను తమలో ఒకడిగా చూస్తారు. కెమెరా చూసి సర్దుకోరు.

నేను పని నేర్చుకున్న స్టూడియోలో ఒక పాత యాషికా కెమెరా ఉండేది. రెండు లెన్సులు ఒకదాని మీద ఒకటి, పై నుంచి తల వంచి అద్దంలోకి చూడాలి. రీలుకు పన్నెండు ఫొటోలు. దాన్ని నడుము దగ్గర పట్టుకుని వాడతారు. మా గురువుగారు దాన్ని నా ఒళ్లో పెట్టి, "ఇది నీ కోసమే చేశారు, నాయనా. దీనికి నిలబడే మనిషి అక్కర్లేదు" అన్నారు. నా పద్దెనిమిదో ఏట విన్న ఆ మాట ఇప్పటికీ నాకు జీతం లాంటిది. ఆయన నన్ను పెళ్లిళ్లకు తీసుకెళ్లాలని కూడా చాలా ప్రయత్నించారు. కల్యాణ మండపాల మెట్లు ఒక అడ్డయితే, శుభకార్యంలో ఎదురుగా వికలాంగుడు ఉండడం మంచిది కాదన్న పెద్దవాళ్లు ఇంకో అడ్డు. రెండు చోట్ల వెనక్కి పంపాక నేనే రానన్నాను. అలా ఆల్బమ్‌ల పనిలో పడ్డాను, వీధికి వచ్చాను. వీధిలో ముహూర్తాలు ఉండవు.

నా పని పద్ధతి మీకు కొంచెం వివరంగా చెప్పాలి, లేకపోతే నేను అడగబోయేది చాలా చిన్న విషయంగా కనిపిస్తుంది. వీధి ఫొటోగ్రాఫర్లు కాళ్లతో ఫ్రేము సరిచేసుకుంటారు. రెండడుగులు ముందుకేస్తారు, పక్కకు ఒరుగుతారు, మేడ ఎక్కుతారు, మనుషుల వెంట నడుస్తారు. నాకు ఆ వీలు లేదు. ఒక చేయి ఎప్పుడూ బండి హ్యాండిల్ మీద ఉంటుంది కాబట్టి ఫోకస్ తిప్పుకునే తీరిక కూడా ఉండదు. అందుకని వెడల్పుగా చూసే 28 మిల్లీమీటర్ల లెన్సు పెట్టి, అపర్చరు, అంటే వెలుతురు వచ్చే కన్నం, ఎనిమిది మీద ఉంచి, దూరం ఆరడుగులకు ముందే కట్టేసుకుంటాను. అలా కడితే అయిదడుగుల నుంచి పదడుగుల దాకా ఉన్నదంతా స్పష్టంగా వస్తుంది. ఇక నేను చేయవలసింది ఒకటే: మనుషులు ఆ అయిదు, పదడుగుల మధ్యకు వాళ్లంతట వాళ్లు వచ్చే చోటు చూసుకుని, కదలకుండా కాచుకోవడం. చెరువులో కొంగ నిలబడ్డట్టు. కొంగకు నీటి లోతు ఎంత ముఖ్యమో నాకు ఆగే చోటు అంత ముఖ్యం. వెనక గోడ ఉండాలి, పక్క నుంచి వెలుతురు రావాలి, నా వల్ల ఎవరి దారీ ఆగకూడదు, బండ్లు నన్ను గుద్దకూడదు. పదిహేడేళ్లు వెతికితే ఈ నగరంలో నాకు అలాంటి చోట్లు ఏడు దొరికాయి. వాటిలో మొదటిది చిన్నబజారు వైపు ఒక టీ కొట్టు మూల.

ఆ మూల కాలిబాట రోడ్డు కన్నా ఏడంగుళాలు ఎత్తు. తూర్పున రెండు మేడల మధ్య సందు ఉంది. ఆరున్నర నుంచి ఏడూపావు దాకా ఆ సందులో నుంచి ఎండ ఒక పలకలా వచ్చి సరిగ్గా అక్కడ పడుతుంది. కూరగాయల గంపలు, పాల డబ్బాలు, పువ్వులు, బడి పిల్లలు, రాత్రి డ్యూటీ దిగి ఇంటికి వెళ్లే నర్సులు, బంగారు పనికి బయలుదేరిన ఆచారులు, అందరూ ఆ ఎండ దాటి వెళ్లాలి. ఒక్క నిమిషం ముఖాలు వెలుగుతాయి, మళ్లీ నీడలోకి పోతాయి. మొదట్లో నేను రోడ్డు మీదే ఆగి అక్కడికి కెమెరా ఎత్తేవాణ్ని. టీ కొట్టు భాయ్ వారం రోజులు చూశాడు. ఎనిమిదో రోజు ఉదయం నేను వెళ్లేసరికి రెండు కడప బండలు పక్కపక్కనే, రోడ్డు నుంచి కాలిబాట మీదికి వాలుగా వేసి, అంచులకు సిమెంటు మెత్తి ఉంది. ఒక్కో బండ నాలుగడుగుల పొడవు, రెండడుగుల వెడల్పు. రెండూ కలిపి నాలుగడుగుల వెడల్పు దారి. నా బండి మూడడుగులు. "ఎక్కు అన్నా, ఎక్కి చూడు" అన్నాడు. ఎక్కాను. కొంచెం నిటారుగా ఉంది కానీ బండి ఎక్కింది.

పదకొండేళ్లు ఆ బండల మీదుగా ఎక్కాను. నా ఒక్కడికే అనుకోకండి. పాల డబ్బాల సైకిళ్లు వాటి మీదుగానే ఎక్కేవి. గంప దించుకోలేని అవ్వ, పిల్లను చక్రాల బండిలో తోసుకొచ్చే తల్లి, మోకాళ్లు వంగని పంతులుగారు, షుగరు వల్ల పాదం తీసేసిన ఒక ఆటో డ్రైవరు, అందరూ మెట్టు వదిలి బండల దారినే వచ్చేవారు. ఈ మాట ముఖ్యం. మన దేశంలో పల్స్ పోలియో కార్యక్రమం 1995లో మొదలైంది, 2014 మార్చి 27న పోలియో లేని దేశంగా ధ్రువీకరణ వచ్చింది. నాలాంటి పోలియో మనుషుల తరం ఇక ముగిసిపోతుంది, అందుకు నాకన్నా సంతోషించేవాళ్లు ఉండరు. ప్రమాదాలు, మధుమేహం, పక్షవాతం, ముసలితనం మాత్రం ఉంటాయి. మెట్టు దగ్గర ఆగిపోయేవాళ్లు ఎప్పుడూ ఉంటారు.

తరవాత కాలువ పనులు వచ్చాయి. వర్షం పడితే ఆ వీధి మోకాలి లోతు అయ్యేది కాబట్టి పని అవసరమే, కాదనను. తవ్వినప్పుడు బండలు తీశారు. పని అయ్యాక కాలువ గోడ, దాని మీద మూతలు కట్టారు. ఇప్పుడు ఆ మూల రోడ్డు కన్నా అడుగున్నర ఎత్తు. పని చేయించే మనిషిని అడిగితే డ్రాయింగులో అలాగే ఉందన్నాడు. అతను అబద్ధం చెప్పలేదు, కాగితం నాకు చూపించాడు కూడా. కాలువ లోతు, గోడ మందం, ఇనుప చువ్వల లెక్క, అన్నీ ఉన్నాయి. అక్కడ రోజూ ఎవరు ఎక్కుతారు, ఎవరు దిగుతారు అన్నదానికి ఆ కాగితంలో గీత లేదు.

భాయ్ మళ్లీ బండలు వేస్తానన్నాడు. నేనే వద్దన్నాను. ర్యాంపుకు లెక్క ఒకటుంది, మీకు నాకన్నా బాగా తెలుసు: ఒక అడుగు ఎత్తుకు పన్నెండు అడుగుల పొడవు. అడుగున్నర ఎత్తు ఎక్కాలంటే పద్దెనిమిది అడుగుల వాలు వేయాలి, అది సగం రోడ్డు తినేస్తుంది. నాలుగడుగుల బండ వేస్తే నా బండి వెనక్కి తిరగబడుతుంది. ఏడంగుళాలను ఒక టీ కొట్టు యజమాని తన జేబులో డబ్బుతో సరిచేయగలిగాడు. పద్దెనిమిది అంగుళాలను ఎవరూ సరిచేయలేరు, మీరు తప్ప. కాలిబాట అంచు ఆరు అంగుళాలు మించకూడదని, రోడ్ల ప్రమాణాలు రాసే సంస్థ ఇండియన్ రోడ్స్ కాంగ్రెస్ కాలిబాటల కొలతల్లోనే ఉంది. ఆరంగుళాలైతే ఆరడుగుల వాలు చాలు. మనిషి వేసే మూడు అంగలంత.

ఇప్పుడు నేను ఆ మూల దగ్గర రోడ్డు మీదే ఆగుతున్నాను. రెండు నెలల కింద సరుకుల ఆటో ఒకటి వెనక్కి వస్తూ నా వెనక చక్రాన్ని నొక్కింది. చక్రం వంగింది, నాకు ఏమీ కాలేదు. అంతకన్నా లోపల తగిలిన దెబ్బ ఒకటి చెబుతాను. ఒక ఉదయం లెన్సు మూత తీసి ఒళ్లో పెట్టుకుని ఎండ కోసం చూస్తున్నాను. ఒక పెద్దాయన వచ్చి ఆ మూతలో రూపాయి బిళ్ల వేశారు. మెడలో కెమెరా ఉంది, ఆయన చూడలేదు. "తాతా, నేను ఫొటోలు తీస్తాను" అన్నాను. ఆయన సిగ్గుపడిపోయి, నా తల మీద చేయి పెట్టి, "ఏమనుకోకు నాయనా" అన్నారు. దయగల మనిషి, ఆయన తప్పేమీ లేదు. రోడ్డు అంచున, జనం పాదాల దగ్గర ఆగి ఉన్న మూడు చక్రాల బండికి మన ఊళ్లో తెలిసిన అర్థం ఒకటే. పదకొండేళ్లు ఆ కాలిబాట మీద, టీ తాగే నలుగురి మధ్య కూర్చున్నాను, ఒక్కరూ రూపాయి వేయలేదు. బండలు పోయిన ఏడాదిలో నాలుగుసార్లు వేశారు. ఎత్తు మారితే మనిషి మారిపోతాడు. డ్రాయింగు గీసేటప్పుడు ఈ సంగతి మీ మనసులో ఉండాలని నా కోరిక.

చట్టం గురించి మీకు చెప్పడం నా స్థాయి కాదని కొందరు మిత్రులు అన్నారు. చట్టం నా కోసం చేశారు కాబట్టి చెప్పే హక్కు నాకుందనే అనుకుంటున్నాను. వైకల్యం గల వ్యక్తుల హక్కుల చట్టం 2016లో వచ్చింది, 2017 ఏప్రిల్ 19 నుంచి అమల్లో ఉంది. దాని 41వ సెక్షన్‌లో వైకల్యం ఉన్నవాళ్లు తిరగగలిగే రోడ్ల ప్రస్తావన ఉంది. 44వ సెక్షన్ ప్రకారం, వైకల్యం ఉన్నవాళ్లకు అందుబాటుగా ఉండేందుకు పెట్టిన ప్రమాణాలు పాటించని భవనానికి ప్లాను అనుమతే ఇవ్వకూడదు. అప్పటికే ఉన్న ప్రజా భవనాలను నియమాలు వెలువడిన అయిదేళ్లలో సరిచేయాలని 45వ సెక్షన్ చెబుతుంది. నియమాలు 2017 జూన్ 15న వచ్చాయి. అయిదేళ్లు 2022 జూన్‌లోనే అయిపోయాయి. 2024 నవంబరు 8న రాజీవ్ రతూరి కేసులో సుప్రీంకోర్టు, వీలుంటే పాటించండి అన్నట్టు రాసిన మార్గదర్శకాలు చాలవని, తప్పనిసరిగా పాటించవలసిన నియమాలను మూడు నెలల్లో రూపొందించమని కేంద్రాన్ని ఆదేశించింది. ఆ కేసు వేసిన వ్యక్తి చూపు లేనివారు. చూపు లేని ఒక మనిషి రోడ్ల కోసం కోర్టుకు వెళ్లి ఏళ్ల తరబడి పోరాడాడన్న సంగతి, చూపే వృత్తిగా ఉన్న నన్ను కదిలించింది. ఈ ఉత్తరం రాయకుండా ఉండలేకపోవడానికి అదీ ఒక కారణం.

ఇక నేను తీయలేకపోయిన ఫొటోల సంగతి. వాటిలో నన్ను ఎక్కువగా వేధించేది రొట్టెల పండుగది.

మొహర్రం నెలలో బారా షహీద్ దర్గా దగ్గర, స్వర్ణాల చెరువులో జరిగే ఆ పండుగను మీకు వర్ణించనక్కర్లేదు, అక్కడి ఏర్పాట్లు చూసేది మీవంటి అధికారులే. కోరిక తీరినవాళ్లు రొట్టె తెస్తారు, కోరిక ఉన్నవాళ్లు పుచ్చుకుంటారు. చదువు రొట్టె, ఉద్యోగం రొట్టె, పెళ్లి రొట్టె, సంతానం రొట్టె, ఆరోగ్యం రొట్టె. ఏ కులమో ఏ మతమో అడగకుండా, నీళ్లలో నిలబడి, ముఖం తెలియని మనిషి చేతిలో నుంచి తమ కోరికను అందుకుంటారు. అక్కడ ఫొటో తీయవలసింది నీళ్లలో నుంచే. ఒకరు ఇస్తుంటే ఒకరు పుచ్చుకునే చేతులు నీటి మట్టానికి కాస్త పైన, దాదాపు నా కెమెరా ఎత్తున ఉంటాయి. నాకోసమే ఏర్పడిన ఫొటో అది. ఆరుసార్లు వెళ్లాను. ఆ జనంలో నేను చేరగలిగిన చోట మెట్లే ఉన్నాయి. ప్రతిసారీ పై మెట్టు దగ్గర ఆగిపోయి, జనం వీపులు ఫొటో తీసుకుని వచ్చాను.

ఆరోసారి ఒక పెద్దమ్మ నీళ్లలో నుంచి మెట్లెక్కి నా దగ్గరకు వచ్చింది. చీర కుచ్చిళ్లు తడిసి నీళ్లు కారుతున్నాయి. "ఆరోగ్యం రొట్టె, తీసుకో నాయనా" అని చేతిలో పెట్టింది. అక్కడ అందరూ నాకు ఆరోగ్యం రొట్టే ఇస్తారు, నన్ను చూడగానే వాళ్లకు తోచే కోరిక అదే. కళ్లకద్దుకుని తిన్నాను. ఆ పెద్దమ్మ కాలి నొప్పితోనే అన్ని మెట్లు ఎక్కి వచ్చింది. దిగేటప్పుడు కుర్రాళ్లు చేయి పట్టుకోవలసి వచ్చింది. ఆమె నా కోసం పైకి రాగలిగింది, నేను ఆమె దగ్గరకు దిగలేకపోయాను. ఉద్యోగం రొట్టె, సంతానం రొట్టె ఉన్నట్టే అక్కడ వాలు దారి రొట్టె కూడా ఉంటే, వెంటనే చేయి చాచేవాణ్ని. ఒక వైపు మెట్ల మధ్య, పట్టుకోవడానికి ఇనుప కడ్డీతో, నీళ్ల దాకా వెళ్లే వాలు దారి వేసి, పండుగ రోజుల్లో దాన్ని వికలాంగులకు, ముసలివాళ్లకు వదలండి. ఆరోగ్యం కోరి అక్కడికి వచ్చేవాళ్లలో నడవలేనివాళ్లు ఎందరో మీరే చూసి ఉంటారు.

రైలు కట్ట ఈ నగరాన్ని రెండుగా చీలుస్తుంది. వానాకాలం వస్తే కట్ట కింది దారుల్లో నీళ్లు నిలుస్తాయి. అటు ఒడ్డు మనుషులు చెప్పులు చేతబట్టుకుని, పిల్లల్ని భుజాన వేసుకుని ఇటు దాటే దృశ్యం ప్రతి ఏటా వస్తుంది, ప్రతి ఏటా నాకు దొరకదు. నా బండి బ్యాటరీ నేలకు జానెడు ఎత్తులో ఉంటుంది. 2021 నవంబరులో పెన్న పొంగి పడుగుపాడు దగ్గర రైలు పట్టాలు, జాతీయ రహదారి కొట్టుకుపోయినప్పుడు తోటి ఫొటోగ్రాఫర్లందరూ నది వైపు పరుగెత్తారు. నేను మా వీధి దాటలేకపోయాను. నీళ్లు తీసిన మూడో రోజు దగ్గరలోని పల్లపు వీధికి వెళితే, ఇళ్ల ముందు నేల మీద కాగితాలు ఆరబెట్టి ఉన్నాయి. రేషన్ కార్డులు, పదో తరగతి సర్టిఫికెట్లు, పట్టాదారు పాసుపుస్తకాలు, వైకల్యాన్ని ధ్రువీకరించే సదరం సర్టిఫికెట్ ఒకటి. గాలికి ఎగరకుండా ఒక్కోదాని మీద ఒక్కో గులకరాయి. నేలకు దగ్గరగా ఉండే నాకు ఆ ఫొటో దొరికింది. ప్రదర్శనలో పెట్టిన ఆరింటిలో అదొకటి. శాలువా కప్పిన అతిథి దాని ముందే నిలబడి చాలాసేపు చూశారని విన్నాను. ఆయన అది చూసి మెచ్చుకున్నందుకు నాకు నిజంగా సంతోషం. కాళ్ల మాట ఎత్తకుండా ఆ గులకరాళ్ల గురించి ఒక్క మాట మాట్లాడి ఉంటే, ఆ రాత్రి నేను హాయిగా నిద్రపోయేవాణ్ని.

అదే చట్టంలో 29వ సెక్షన్ ఒకటుంది. వైకల్యం ఉన్న కళాకారులకు, రచయితలకు వారి ప్రతిభకు తగిన సౌకర్యాలు, తోడ్పాటు కల్పించాలని అందులో రాశారు. నాకు అర్థమైనంత వరకు దాని మొదటి మెట్టు అసలు మెట్టు లేకపోవడమే. సత్కారానికి పిలిచే వేదికకు ముందుగా ర్యాంపు వేయించండి. ఫొటోలు ఒక అడుగు కిందికి తగిలించమనండి. పిల్లలు కూడా చూస్తారు. శాలువా ఖర్చుతో ఆ పని అయిపోతుంది.

వీధుల విషయంలో నేను అడిగేది ఒక పద్ధతి. ఎక్కడైనా తవ్వే ముందు, అంచనా వేసే రోజున, ఆ వీధిలో తిరిగే వికలాంగుణ్ని ఒకణ్ని వెంట తీసుకెళ్లండి. చక్రాల బండి మనిషి, చూపు లేని మనిషి, ముసలి మనిషి, ఎవరైనా సరే. టేపు మీరు పట్టుకోండి, చోటు వాళ్లు చూపిస్తారు. ఏ మూలన ఏ బండ ఎందుకు ఉందో, ఎవరు వేశారో, దాన్ని తీసేస్తే ఎవరి దారి పోతుందో మీ పుస్తకంలో రాసుకోండి. ఈ ఊళ్లో అలాంటి బండలు ఇంకా ఎన్నో ఉన్నాయి. దుకాణం ముందు చెక్క పలక, ఆసుపత్రి వీధిలో మందుల షాపు ముందు ఎవరో పోసిన సిమెంటు వాలు, మసీదు వాకిట్లో ఒక రాయి, గుడి సందులో ఒక రాయి. మీ లెక్కల్లో ఇవన్నీ ఆక్రమణలు. వీటిని వేసినవాళ్లు మాత్రం తమ దగ్గరకు వచ్చే ఒక మనిషిని తలచుకునే వేశారు. తీసే రోజు వస్తే, బదులు ఏం వేస్తారో చెప్పి తీయండి.

ఎవరి మీదా చర్య తీసుకోమని నేను కోరడం లేదు. ఆ కాలువ కట్టినవాళ్లు కాగితంలో ఉన్నది కట్టారు. కాగితం మార్చమంటున్నాను.

మొదట ఆ మూలతో మొదలుపెట్టమని నా విన్నపం. టీ కొట్టు ముందు కాలువ మూతల్లో రెండింటిని ఆరంగుళాల ఎత్తుకు దించితే, ఆరడుగుల పొడవు, నాలుగడుగుల వెడల్పు వాలు అక్కడ సరిపోతుంది. కరెంటు స్తంభం అడ్డు రాదు, నేను కొలిచి చూశాను. సంక్రాంతి దాటాక సూర్యుడు కొంచెం ఉత్తరానికి జరుగుతాడు. ఫిబ్రవరి రెండో వారం నుంచి ఆ సందులో ఎండ మళ్లీ బాగా పడుతుంది. అప్పటికి పని అయితే ఈ ఏడు నాకు అక్కడ ఉదయాలు మిగులుతాయి.

పాత కడప బండల్లో ఒకటి తవ్వేటప్పుడే ముక్కలైపోయింది. రెండోదాన్ని భాయ్ కొట్టు వెనక్కి లాక్కెళ్లి ఉంచాడు. ఇప్పుడు దాని మీద టీ గ్లాసులు బోర్లిస్తున్నాడు. మీ మనిషి వస్తే కొలత కోసం అది చూపించమని చెప్పి ఉంచాను.

ఇట్లు
ఒక వీధి ఫొటోగ్రాఫర్,
నెల్లూరు